తాడిపుట్టుగలో తొలి పాండా

పిల్లల పుస్తకాల్లో ఇకమీదట పాండా తప్ప మరే జంతువూ ఉండరాదని ఉత్తర్వు వచ్చిన రోజున, ఉద్దానం జీడితోటల మధ్య ఉన్న తాడిపుట్టుగ ప్రాథమిక పాఠశాలలో గేదెల సుభద్ర నక్క పాఠం చెబుతోంది. ఆ బడికి ప్రధానోపాధ్యాయురాలూ ఆమే, ఉపాధ్యాయురాలూ ఆమే. నక్క దోసతోటలో దూరిన చోట పాఠం ఆపి, ఉత్తర్వు చదువుకుని, నక్కను అక్కడే వదిలేసింది. అది తోటలోంచి బయటికి వచ్చిందో లేదో ఆ పిల్లలకు ఇప్పటికీ తెలియదు.

ఉత్తర్వు జారీ చేసినది బాలసాహిత్య సౌమ్యీకరణ సంస్థ. దాని సంచాలకులు డాక్టర్ చామర్తి శశిభూషణ్‌గారు విదేశాలకు అధ్యయన యాత్ర వెళ్లినప్పుడు ఒక పాండా వెదురు తింటూ ఉండగా చూశారు. పొద్దున చూస్తే తింటోంది. భోజనం చేసి వచ్చి చూస్తే అప్పుడూ తింటోంది. సాయంత్రం టీ తాగి వచ్చినా అదే చోట కూర్చుని తింటూనే ఉంది. ప్రభుత్వ సేవలో జీవితం గడిపిన ఆయనకు కూడా ఇంతటి స్థిరచిత్తం గల ప్రాణి అంతవరకూ తారసపడలేదు.

తిరిగి వచ్చాక ఆయన ఒకటి నుంచి ఐదో తరగతి వరకూ పుస్తకాలన్నీ తెప్పించుకుని చదివారు. నక్క దొంగతనం చేస్తోంది. కోతి కొబ్బరికాయ లాక్కుంటోంది. తేనెపట్టు దగ్గరికి వచ్చినవాణ్ణి ఎలుగుబంటి కొడుతోంది. "నేరప్రవృత్తి గల జంతువుల సాంగత్యంలో బాల్యం గడిపిన తరం నుంచి సమాజం ఏమి ఆశించగలదు? పాండా హింసారహితము, కుతంత్రరహితము, నలుపు తెలుపులకు సమాన ప్రాతినిధ్యం కల్పించినది" అని నివేదిక రాశారు. పైగా పిల్లల పెన్సిలు డబ్బాల మీద, చెప్పుల మీద, చాక్లెట్ కాగితాల మీద, టీవీ బొమ్మల్లో ఎక్కడ చూసినా అప్పటికే పాండాలున్నాయి. ప్రజలు ముందే అమలు చేసేసుకున్న పథకాన్ని ప్రభుత్వం ప్రకటించడం కంటే సులువైన పని లేదు.

కొత్త పుస్తకాలు వచ్చాయి. దోసతోట పాఠంలో పాండా తోటలోకి వెళ్లింది, దానికి దోసకాయలు అక్కర్లేదు, ఇంటికి వచ్చేసింది. కొబ్బరిచెట్టు పాఠంలో పాండా చెట్టు కింద కూర్చుంది. కాయ ఒకటి పక్కన పడింది. పాఠం చివర "కొబ్బరికాయ ఎవరి మీద పడలేదు?" అని ప్రశ్న ఇచ్చారు. తేనెపట్టు పాఠంలో పాండా తేనెటీగలకు నమస్కరించింది. పరిసరాల విజ్ఞానంలో "మన చుట్టూ ఉండే జంతువులు" అన్న పాఠం పేరు మార్చలేదు, బొమ్మలు మార్చారు. పాలిచ్చే పాండా, ఇల్లు కాచే పాండా, బండి లాగే పాండా.

"మా ఇంటికాడ మేక ఉంది మేడమ్. దాన్నేటనాల?" అని ఒకటో తరగతి పిల్ల మడ్డు జోషిత అడిగింది.

"ఇంటి దగ్గర మేక అను. పరీక్షలో పాండా అను" అంది సుభద్ర.

ఉత్తర్వు అమలు చూడడానికి ప్రతి జిల్లాకూ ఒక సమన్వయాధికారిని వేశారు. ఆ జిల్లాకు గోపీనాథ్ పండాగారు వచ్చారు. ఆయన అంతకుముందు వర్షపాతం లెక్కలు చూసే ఉద్యోగి. ఇచ్ఛాపురం వైపు ఒరియా పూజారుల కుటుంబాల్లో పండా అనే ఇంటిపేరు మామూలే. నియామకం చేసినవారు రాజధానిలో ఉంటారు గనుక, ఇంటిపేరు చూసి ఈయనకు ఈ రంగంలో వంశపారంపర్య అనుభవం ఉన్నదని భావించారు. "మాది జంతువు పండా కాదండీ, గుడి పండా" అని ఆయన ఒక వినతి పంపుకున్నారు. రెండింటికీ సేవాభావమే ప్రధానమని జవాబు వచ్చింది.

పండాగారు బడికి వచ్చి, మనిషి ఎత్తున్న గుడ్డ పాండాను గోడవారగా కూర్చోబెట్టారు. ప్రార్థన కాగానే పిల్లలు ఒక్కొక్కరే చేతులు చాచి పరుగెత్తుకెళ్లి దాన్ని కావలించుకోవాలి. ఈ కార్యక్రమం పేరు పాండాలింగనం. ఆ పేరు తయారు చేయడానికి ఒక ఉపసంఘం పనిచేసింది.

"దీనివల్ల ఏం వస్తుంది సార్?" అని సుభద్ర అడిగింది.

పండాగారు ఉత్తర్వు తీసి చదివారు. "వన్యప్రాణుల పట్ల బాలలలో నిర్భీతియుత ఆత్మీయత అంకురిస్తుంది." కాగితం మడిచి జేబులో పెట్టుకుని, "నన్నడక్కండి మేడమ్. నాకు వానల సంగతైతే తెలుసు" అన్నారు.

జోషితకు పాండాలింగనంలో మొదటి బహుమతి వచ్చింది. అందరికంటే వేగంగా పరుగెత్తేది ఆ పిల్లే.

జీడిపళ్లు రాలే కాలం వచ్చింది. ఉద్దానంలో ఆ కాలానికి మనుషులతో పాటు ఎలుగుబంట్లు కూడా తోటల్లోకి దిగుతాయి. ఒకనాటి పొద్దున ప్రార్థన అయిపోతుండగా, బడిలో అన్నం వండే బమ్మిడి కాంతమ్మ వంటపాక ముందు గరిటె పట్టుకుని నిలబడిపోయింది.

"పంతులమ్మా, ఎలుగు" అంది గొంతు తగ్గించి.

బడి వెనక జీడిచెట్ల నీడలోంచి నల్లటి జంతువు ఒకటి నేల వాసన చూసుకుంటూ వస్తోంది. సుభద్ర ఇంకా తల తిప్పకముందే వరసలోంచి జోషిత బయటికి వచ్చింది. నేర్పినట్టే రెండు చేతులూ చాచింది. నేర్పినట్టే పరుగు తీసింది.

సుభద్ర ఎలా వెళ్లిందో ఆమెకే తెలియదు. పిల్ల జబ్బ దొరకబుచ్చుకుని గుండెకు అదుముకుని, జంతువు వైపే చూస్తూ వెనక్కి వెనక్కి నడిచింది. ఎలుగు తల ఎత్తి చూసింది. కాసేపు ఊగింది. తర్వాత ఏమనుకుందో చెట్లలోకి వెళ్లిపోయింది. జోషిత ఏడుపు మొదలుపెట్టింది. భయంతో కాదు, కావలించుకోనివ్వనందుకు.

ఆ రోజు అన్నాలయ్యాక సుభద్ర తలుపులు మూసి, బోర్డు మీద ఎలుగుబంటి బొమ్మ గీసింది. గోళ్లు పెద్దవిగా గీసింది.

"దీని పేరేమిటి?"

పిల్లలు ఒకరి మొహాలు ఒకరు చూసుకున్నారు. "ఇంటికాడా, పరీచ్చలోనా మేడమ్?" అన్నాడు ఒకడు.

"ప్రాణం దగ్గర" అంది సుభద్ర. "దీని పేరు ఎలుగుబంటి. ఇది కనబడితే దగ్గరికి వెళ్లకూడదు. పరుగెత్తకూడదు. చెట్టెక్కకూడదు, అదీ ఎక్కుతుంది. దానివైపే చూస్తూ నెమ్మదిగా వెనక్కి నడిచి, లోపలికొచ్చి తలుపేసుకోవాలి."

అప్పట్నుంచి రోజూ పాండాలింగనం మానిపించి వెనక్కి నడిచే పద్ధతే ఆడించింది.

మర్నాడు ఎలుగు సంగతి చెప్పడానికి కాంతమ్మను వెంటబెట్టుకుని అటవీశాఖ రేంజి కార్యాలయానికి వెళ్లింది. కాంతమ్మకు అక్కడ వేరే పని కూడా ఉంది. కిందటేడు ఆమె భర్త బైరాగిని తోటలో ఎలుగు కొట్టింది. ప్రాణం దక్కింది, కన్నూ దక్కింది గానీ కుడికంటి పైరెప్ప చిరిగిపోయి కన్ను మూతపడదు. విశాఖపట్నం ఆసుపత్రిలో ఆపరేషన్ చేస్తే బాగవుతుందన్నారు. అడవి జంతువు కొట్టినట్టు అటవీశాఖ ధ్రువీకరిస్తే ఉచితంగా చేస్తారు. ఆ ధ్రువీకరణ ఇదిగో అదిగో అనుకుంటుండగా పదజాల సమన్వయ ఉత్తర్వు వచ్చింది. ఒకే ప్రభుత్వం పిల్లలకొక మాట, పెద్దలకొక మాట చెప్పరాదు గనుక, పాఠ్యపుస్తకాల్లో లేని జంతువులు ఏ శాఖ పత్రాల్లోనూ ఉండకూడదన్నారు.

"ఎలుగుబంటి అని కొడితే కంప్యూటర్ తీసుకోవడం లేదమ్మా" అన్నాడు రేంజి అధికారి. మంచివాడే. కుర్చీలు వేయించాడు.

"మరి మా ఆయన్ని కొట్టినాది ఏటి బాబూ?" అంది కాంతమ్మ.

"చూడమ్మా. ఇప్పుడున్న జంతువు పాండా ఒక్కటే. పాండా ఎవరినీ కొట్టదని పుస్తకంలో ఉంది. కొట్టిందంటే అది పాండా కాదు. పాండా కాకపోతే జంతువే కాదు. జంతువు కానిది కొడితే అది మా శాఖ కిందికి రాదు. పోలీసులకి చెప్పుకోవాలి."

"పోలీసులకాడికెల్తే మీకాడికి ఎల్లమన్నారు."

"అది వాళ్ల నిబంధన" అన్నాడు రేంజి అధికారి. తర్వాత సుభద్ర వైపు తిరిగి, "మీరు చూసిన దాన్ని మాత్రం నల్లని జంతువు అని పైకి రాస్తాను మేడమ్. అంతకన్నా నా చేతిలో లేదు" అన్నాడు.

నల్లని జంతువు అన్న మాట రాజధానికి చేరగానే శశిభూషణ్‌గారు కుర్చీలోంచి లేచి నిలబడ్డారట. రాష్ట్రంలో పాండాలు లేవని విమర్శకులు అంతవరకూ ఆయన్ని సతాయిస్తున్నారు. వారంలోగా ప్రకటన వెలువడింది. తాడిపుట్టుగ జీడితోటలో కనిపించినది పాండాయే. సముద్రపు గాలి వల్ల తెలుపు భాగాలు ఇంకా వికసించలేదు. సాంకేతికంగా అది అసంపూర్ణ పాండా. దానికి ప్రశాంత వాతావరణం కల్పించే నిమిత్తం తోటల్లో డప్పులు, టపాకాయలు, డబ్బాలు మోగించడం నిషేధం. పాండా స్థిరపడేవరకూ జీడిపిక్కలు ఏరుకునేవారు లోపలికి వెళ్లరాదు.

పళ్లు రాలి కుళ్లుతున్నాయి. పిక్కలు నేల మీద నల్లబడుతున్నాయి. ఏడాదికొక్కసారి వచ్చే పంట కళ్ల ముందు పోతుంటే ఊళ్లో ఆడవాళ్లు కంచె ఇవతల నిలబడి చూస్తున్నారు. లోపల ఎలుగు తీరిగ్గా పళ్లు తింటోంది, పనసకాయలు చీల్చుకుంటోంది. దానికోసం ఎక్కడినుంచో లారీల్లో వెదురు వచ్చింది. ఎలుగు దాని మొహం చూడలేదు. ఊళ్లో మేకలు వెళ్లి వెదురాకు సుబ్బరంగా తిన్నాయి. మేత అయిపోతోందని పండాగారు పైకి రాశారు. తింటున్నవి మేకలని రాద్దామంటే మేక అనే మాట లేదు. పాండా ఆరోగ్యంగా ఉన్నదని రాజధానిలో సంతోషించారు.

అదే సమయంలో, ఎలుగు పాఠం సంగతి పిల్లల నోట ఊరంతా పాకి పైకి చేరడంతో, సుభద్రకు సంజాయిషీ తాఖీదు వచ్చింది. బోర్డు మీద రద్దయిన జంతువు బొమ్మ గీసి, దానికి గోళ్లు కూడా పెట్టి, బాలల మనసులలో భీతిని ప్రవేశపెట్టినందుకు సస్పెండ్ ఎందుకు చేయకూడదో చెప్పమన్నారు. తాఖీదు తెచ్చిన పండాగారు దాన్ని చేతికివ్వడానికి చాలాసేపు ఇబ్బందిపడ్డారు.

"బొమ్మ తుడిచేశానని రాసివ్వండి మేడమ్. నేను సంతకం పెడతాను."

"తుడిచెయ్యడం తేలికే సార్" అంది సుభద్ర. "మొన్న జోషిత ఎంత దూరం వెళ్లిందో మీరు చూడలేదు. ఆ పిల్లకి ఏమైనా అయితే వాళ్లమ్మకి నేనేమని రాసివ్వాలి?"

ఇంట్లో పండాగారికీ ఒక మనవరాలు ఉంది. పోతూ పోతూ గుడ్డ పాండాను వెంట తీసుకుపోయారు, ఉతికించాలన్న నెపంతో.

పాండాకు రాష్ట్ర స్వాగత సభ బడి ఆవరణలోనే పెట్టారు. షామియానా వేశారు. టీవీల వాళ్లు వచ్చారు. వేదిక ముందు స్వాగత నైవేద్యంగా పనసపళ్లు కోసి, ఒక బిందెడు తేనె పెట్టారు. అలా పెట్టవద్దని కాంతమ్మ పండాగారితో చెప్పింది. పండాగారు సంచాలకులతో చెప్పారు. "ఆతిథ్యంలో లోటు రానివ్వకండి" అన్నారు సంచాలకులు.

పిల్లల్ని ముందు వరసలో కూర్చోబెట్టమంటే సుభద్ర తరగతి గది గుమ్మం పక్కన కూర్చోబెట్టింది. ఎండ అని చెప్పింది.

శశిభూషణ్‌గారు మైకు ముందు నిలబడ్డారు. "సోదర సోదరీమణులారా, ప్రకృతి మానవుణ్ణి కోరేది ఒక్కటే. ఆత్మీయత. గోళ్లూ కోరలూ అనేవి ప్రాథమికంగా దృక్పథానికి సంబంధించిన సమస్యలు. మన దృష్టి మారిన నాడు..."

ఆయన వెనక నుంచి ఎలుగు వచ్చింది. పనస వాసన పట్టుకుని నేరుగా బిందె దగ్గరికి నడిచింది.

సుభద్ర గొంతు పెంచలేదు. "లోపలికి" అంది. పిల్లలు లేచి, ఎలుగువైపే చూస్తూ, వెనక్కి నడిచి, గదిలోకి వెళ్లి తలుపేసుకున్నారు. కింద కూర్చున్న అధికారులు పరుగెత్తారు. కొందరు జీడిచెట్లెక్కారు. టీవీల వాళ్లు తమ వ్యాన్లలో దూరి అద్దాలు ఎక్కించుకున్నారు.

శశిభూషణ్‌గారు మాత్రం పారిపోలేదు. ఆయన తన పథకాన్ని నిజంగా నమ్మిన మనిషి. వేదిక దిగి, రెండు చేతులూ చాచి ముందుకు వచ్చారు. ఎలుగు తేనె వదిలి వెనక కాళ్ల మీద లేచి నిలబడింది. దాని చేతులు కూడా చాచి ఉండడం చూసి ఆయన మొహం వికసించింది.

ఒక్క దెబ్బ. ఆయన పడిపోయారు.

ఎలుగు ఆయన మీదికి వంగుతుండగా కంచె అవతల నుంచి నూనె డబ్బా మోత వినబడింది. బైరాగి. నిషేధం ఉన్న డబ్బా అది. కర్రతో దాన్ని బాదుకుంటూ, మూతపడని కంటితో సూటిగా చూస్తూ కంచె దాటి లోపలికి వచ్చాడు. వెనక ఊరి మగవాళ్లు డప్పులు తెచ్చారు. కాంతమ్మ మూకుడు కొట్టింది. ఎలుగు చిరాగ్గా చుట్టూ చూసి, ఒక పనసతొన పట్టుకుని కొండవైపు పోయింది.

"పడుకోబెట్టండి, కన్ను ముట్టుకోకండి. నాను ముట్టుకునే పాడు సేసుకున్నాను" అన్నాడు బైరాగి. సంచాలకుల కుడికంటి పైరెప్ప చిరిగి వేలాడుతోంది.

ఆయన్ని విశాఖపట్నం తీసుకెళ్లారు. విచారణ బాధ్యత పండాగారి మీద పడింది. ఆయన బడి వరండాలో బల్ల వేసుకుని కూర్చున్నారు. పై నుంచి వచ్చిన ఆదేశం స్పష్టంగా ఉంది. సదరు జంతువు పాండా అని ప్రభుత్వం ప్రకటించి ఉన్నందున, పత్రాల్లో లేని మరే జంతువో సంచాలకులను గాయపరచడం అసంభవం. ఆసుపత్రివారు అడిగిన ధ్రువీకరణ వెంటనే పంపాలి.

పండాగారు అందరూ వినేలా చదువుకుంటూ రాశారు. "దాడి చేసినది పాండా."

గోడకు ఆనుకుని నిలబడ్డ కాంతమ్మ దగ్గరికొచ్చింది. "బాబూ, ఆయన్ని కొట్టినాది పాండాయేనా?"

"అలాగే రాయమన్నారమ్మా."

"మా ఆయన్నీ అదే కొట్టినాది. అదే కన్ను, అదే రెప్ప. నల్లగుంది, తెలుపు ఇంకా రానేదు. అదీ రాసుకోండి."

పండాగారు కలం పట్టుకుని ఆమె వైపు చూశారు. సుభద్ర కిటికీలోంచి చూస్తోంది. ఉద్యోగంలో చేరినప్పటినుంచి ఆయన పైవాళ్లు చెప్పింది తప్ప మరొకటి రాయలేదు. ఇప్పుడు కూడా రాయలేదు. కొత్త కాగితం తీసి, పైవాళ్లు చెప్పిందే ఇంకోసారి రాశారు. "దాడి చేసినది పాండా." కింద బమ్మిడి బైరాగి పేరు రాసి ముద్ర వేశారు. కంప్యూటర్ తీసుకుంది.

ఆ కబురు రెండు రోజుల్లో ఉద్దానమంతా పాకింది. చెయ్యి విరిగినవాళ్లు, తొడ చీరుకుపోయినవాళ్లు, తలమీద జుట్టు మొలవనివాళ్లు తాడిపుట్టుగ బడి ముందు బారులు తీరారు. పండాగారు ఎవరినీ కాదనలేదు. ఊళ్లవాళ్లు ఆ మాటకే అలవాటు పడ్డారు. "నిన్నెప్పుడు కొట్టినాదన్నా పాండా?" "మొన్న పనసల కాలంలో."

సౌమ్యీకరణ సంస్థకు నివేదిక చేరేసరికి, భూమండలంలో పాండాలు అత్యధికంగా మనుషుల్ని గాయపరిచిన ప్రాంతం ఉద్దానమని తేలింది. ఇంత క్రూర జంతువును బాలల చేతికిచ్చిన వారెవరో కనిపెట్టడానికి ఒక సంఘం వేశారు. పాండాను పుస్తకాల నుంచి తక్షణం తొలగించారు. తోటల్లో నిషేధం ఎత్తేశారు. ఆడవాళ్లు తెల్లారకముందే గంపలతో లోపలికి వెళ్లారు. సగానికి పైగా పిక్కలు పాడైపోయాయి. మిగిలినవి ఏరుకున్నారు. సుభద్ర తాఖీదు రద్దు కాలేదు. రద్దయిన జంతువును గీసిన నేరం స్థానంలో, పాండా ప్రమాదకరమని ముందే తెలిసి పై అధికారులకు తెలియజేయని నేరం చేర్చారు. ఆమె దాన్ని కొక్కేనికి గుచ్చి పాఠం చెప్పుకుంటోంది.

విశాఖపట్నం ఆసుపత్రిలో బైరాగికి, శశిభూషణ్‌గారికి ఒకే డాక్టరు ఒకే వారంలో ఆపరేషన్ చేశాడు. ప్రత్యేక గదులు ఖాళీ లేక ఇద్దరినీ పక్కపక్క మంచాల మీద ఉంచారు. కాంతమ్మ ఇద్దరికీ జావ పోసింది.

మూడో రోజున సంచాలకులు తల తిప్పి, "నిన్ను కూడా పాండాయేనా?" అని అడిగారు.

"ఔను బాబూ. కాయితంలో పాండా" అన్నాడు బైరాగి. "మాకాడ ఎలుగంటారు."

వంటిమీద తగిలిన దెబ్బ మనిషిని ఎంతో కొంత మారుస్తుందంటారు. కాంతమ్మ శశిభూషణ్‌గారు ఏదో మంచి మాట అంటారని గిన్నె పట్టుకుని ఎదురుచూసింది.

"లోపం జంతువులో ఉంది, సిద్ధాంతంలో లేదు" అన్నారు ఆయన చివరికి. "మేము ఎంపిక తొందరపడి చేశాం. నత్త అనుకుంటున్నాను. నత్తకు గోళ్లు లేవు, కోరలు లేవు. పరుగెత్తలేదు. ప్రపంచంలో నత్త ఎవరినైనా కొట్టినట్టు ఎక్కడా లేదు. నీ అభిప్రాయమేమిటి?"

బైరాగి ఆలోచించాడు. పెద్దమనిషి అడిగాడు గనుక నిజమే చెప్పాలనుకున్నాడు.

"మంచి పురుగే బాబూ. వానలు పడితే మా మడుల్లో బోలెడుంటాయి. ఉల్లిపాయలేసి వొండుకుంటే బాగుంటాది."

సంచాలకుల మొహం పాలిపోయింది. బాలలు పాఠం చదివి ఇంటికి వెళ్లి పాఠాన్నే తినడమా అని ఆయన గొణుక్కుంటూ, దిండు పక్కనున్న కాగితాలకోసం తడుముకున్నారు. వరి మడులున్న జిల్లాలన్నిటిలో నత్తల వంటకం నిషేధించాలంటే ఏ ఏ శాఖల సమ్మతి కావాలో పైకే లెక్కపెట్టడం మొదలుపెట్టారు. వ్యవసాయం, పంచాయతీరాజ్, పౌరసరఫరాలు.

బైరాగి పౌరసరఫరాల దాకా విన్నాడు. తర్వాత గోడవైపు ఒత్తిగిలి, రెండు కళ్లూ మూసుకుని నిద్రపోయాడు.